మొల్ల: మాఘంలో పూచే పేరు

పోతన భాగవతం మొదట్లో సరస్వతిని తలచుకునే ‘శారదనీరదేందు’ పద్యం బడిలో చదువుకున్న చాలామందికి కంఠతా వచ్చు. అమ్మవారి తెలుపును చెప్పడానికి లోకంలోని తెల్లటివన్నీ అందులో వరసపెట్టాడు: శరత్కాలపు మబ్బు, చంద్రుడు, కర్పూరం, మంచిగంధం, హంస, మల్లెదండ, మంచు, నురుగు, వెండికొండ, రెల్లుపూవు, ఆదిశేషుడు, కుందం, మందారం. మల్లికను ఒకసారి చెప్పేసి, కొంచెం ఆగి కుందాన్ని విడిగా చెప్పాడు. అంటే ఆయన దృష్టిలో రెండూ ఒకటి కావు. ‘యా కుందేందు తుషారహార ధవళా’ అని సంస్కృతంలో సరస్వతిని తలచుకునే శ్లోకంలోనూ అన్నిటికంటే ముందు వచ్చే పూవు కుందమే. ఆ కుందానికి తెలుగు పేరు మొల్ల.

ఆడపిల్లల పేర్ల పట్టికల్లో మొల్ల కనిపించడమే అరుదు. కనిపించిన చోట ఎదురుగా ‘మల్లెపూవు’ అని ఒక్క మాట రాసి వదిలేస్తారు. పువ్వుల కొట్టు ముందు నిలబడి జాజికీ సన్నజాజికీ తేడా చెప్పగలిగిన వాళ్ళెవరూ ఆ అర్థంతో సరిపెట్టుకోరు. ఈ పేరు విలువంతా ఆ తేడాలోనే ఉంది. ఇది ఏదో ఒక మల్లె కాదు, చలికాలంలో పూసే ఫలానా తీగ. సంస్కృతం నుంచి దిగిన మాటా కాదు, తమిళ కన్నడ మలయాళాలతో తెలుగు పంచుకున్న పుట్టింటి మాట.

ముందు తీగ సంగతి. వృక్షశాస్త్రంలో దీన్ని జాస్మినం మల్టీఫ్లోరం అంటారు, పాత పుస్తకాల్లో జాస్మినం ప్యుబిసెన్స్ అని ఉంటుంది. మొదటి పేరుకు విరివిగా పూచేదని, రెండో పేరుకు నూగు ఉన్నదని అర్థం. రెండూ కళ్ళతో చూసి పెట్టిన పేర్లే. లేత కొమ్మను రెండు వేళ్ళ మధ్య పట్టి రాస్తే పీచులాంటి నూగు తగులుతుంది. గుండుమల్లె కొమ్మ అంత నూగుగా ఉండదు. ఆకులు ఎదురెదురుగా జంటలుగా వస్తాయి, ఒక్కో ఆకూ ఒకే రేకుగా ఉంటుంది. జాజి ఆకు అయితే చిన్న చిన్న రేకులుగా ఈనెకు రెండు పక్కలా చీలి ఉంటుంది. జాస్మినం ఆరిక్యులేటం అనే మరో జాతిలో పెద్ద రేకు కింద చెవితమ్మెల్లా రెండు బుల్లి రేకులు ఉంటాయి, దాని శాస్త్రనామం అందుకే అలా వచ్చింది. పూవు కింద ఉండే పచ్చటి తొడిమ గిన్నెను కూడా చూడాలి. మొల్లకు ఆ గిన్నె అంచున సన్నటి దారపు పోగుల్లాంటి కొసలు లేచి ఉంటాయి, వాటి మీదా నూగే. పూరేకులు సన్నగా, కొస తేలి, ఆరు నుంచి తొమ్మిది దాకా ఉంటాయి. గుండుమల్లె మొగ్గ పేరుకు తగ్గట్టే గుండ్రం. మొల్లమొగ్గ సన్నగా, కొసదేరి, పాలపళ్ళ వరసలా ఉంటుంది. ప్రబంధ కవులు నాయికను ‘కుందరదన’ అన్నది ఈ మొగ్గను చూసే. పోలిక పళ్ళతో వచ్చింది కానీ వాసనతో రాలేదని గమనించాలి. మొల్లకు గుబాళింపు లేదు, ఉన్నా పలచగా ఉంటుంది. పేరుకు ‘సువాసన’ అని అర్థం చెప్పబోతే పూవే ఒప్పుకోదు. తెలుపు, నాజూకు, విరగబూయడం, ఇవే దాని గుణాలు.

మల్లె ఎండాకాలపు పూవు. మొల్ల చలికాలపు పూవు. అమరకోశం కుందానికి ఇచ్చిన మరో పేరు ‘మాఘ్యం’, మాఘమాసంలో పూసేది అని. కాళిదాసు మేఘసందేశంలో అలకాపురి ఆడవాళ్ళు ఆరు రుతువుల పూలనూ ఒకేసారి తురుముకుంటారు. అక్కడ ముంగురుల్లో గుచ్చుకున్నది లేత కుందం, చలిరుతువు వంతుకు వచ్చిన పూవు అదే. మన పూలబజార్లలో మల్లెలు కరువయ్యే రోజుల్లో కనకాంబరాలతో కలిపి కట్టి అమ్మే వాసనలేని తెల్లపూలు ఈ జాతివే. కొట్టులో మొల్లలు కావాలంటే మొహం చూస్తారు. కాగడాలు, కాగడా మల్లెలు అని అడిగితే మూర తెంపి ఇస్తారు. పూవుకు బజారు పేరు ఒకటి, కావ్యం పేరు ఒకటి అయిపోయింది. తోటపేరు కాస్తా వాడుకలోంచి జారిపోయింది.

ఇక మాట. తమిళంలో ముల్లై, మలయాళంలో ముల్ల, కన్నడంలో మొల్లె, తెలుగులో మొల్ల. ఇక్కడొక సందేహం సహజంగా వస్తుంది: ‘మల్లె’నే నోరు తిరగక మొల్ల అని ఉంటారేమో? అలా కాదనడానికి సాక్ష్యం ఈ నాలుగు భాషల అచ్చుల్లోనే ఉంది. తమిళంలో ముదల్ అంటే తెలుగులో మొదలు, కన్నడంలోనూ మొదలు. తమిళంలో ముదలై అంటే తెలుగులో మొసలి, కన్నడంలో మొసళె. తమిళంలో ముళై అంటే తెలుగులో మొలక, కన్నడంలో మొళకె. తమిళంలో కుడై అంటే కన్నడంలో కొడె, తెలుగులో గొడుగు. తర్వాతి అక్షరంలో అ గానీ ఐ గానీ ఉన్నప్పుడు తమిళ మలయాళాల్లో ఉ పలికే చోట తెలుగు కన్నడాల్లో ఒ పలుకుతుంది. ఇది ఒక్క మాటకు జరిగిన పొరపాటు కాదు, పదుల కొద్దీ మాటల్లో వరసగా కనిపించే క్రమం. ముల్లై, మొల్ల సరిగ్గా ఆ క్రమంలో ఒదుగుతాయి. అంటే ఈ భాషలు వేరుపడక ముందు నుంచీ ఈ పూవుకు ఈ మాట ఉంది. మల్లె మాటేమో సంస్కృతంలోని మల్లి, మల్లికలతో జత. అక్కడ మొదటి అచ్చు అ. అది ఒ గా మారడానికి ఈ క్రమంలో చోటు లేదు.

ముల్లై అనగానే తమిళులకు పూవు ఒక్కటే గుర్తు రాదు. సంగం కవిత్వంలో అది ఒక నేల పేరు. అడవీ, పశువుల బీడూ కలిసిన ప్రాంతం ముల్లై. దాని దేవుడు మాయోన్, అంటే విష్ణువు, దాని కాలం వానాకాలం, దాని భావం దూరం వెళ్ళిన భర్త కోసం ఓర్పుగా ఎదురుచూడటం. పట్టు దొరకక గాలికి ఊగుతున్న ముల్లై తీగకు పందిరిగా తన రథాన్నే వదిలిపెట్టి నడిచివెళ్ళిన పారి అనే దొర కథ తమిళనాట ప్రతి పిల్లకూ తెలుసు. ఇవన్నీ తెచ్చి తెలుగు పేరుకు అతికించకూడదు. మాట ఒకటే, పూవు వేరు. తమిళ ముల్లై వానలకు పూస్తుంది, ఎక్కువగా ఆ చెవితమ్మెల ఆకు జాతికే ఆ పేరు చెల్లుతుంది. తెలుగు మొల్ల మంచుకు పూసే కుందం. నిఘంటువులు ఇచ్చే అర్థమూ అదే. పిల్లకు మొల్ల అని పేరు పెట్టి ‘ఓర్పుకు ప్రతీక’ అని చెప్పుకుంటే అది తమిళ ఆస్తిని అప్పుగా తెచ్చుకోవడం అవుతుంది. తెలుగులో పక్కనే ఇంకో మంచి మాట ఉంది, ‘మొల్లము’. దానికి విస్తారం, సమృద్ధి అని అర్థం. పూవు పేరు దాన్నుంచి పుట్టిందని అనలేం గానీ, విరగబూసే తీగ పేరు పక్కన సమృద్ధి అనే మాట వినబడటం పేరు పెట్టేవాళ్ళకు చేదేమీ కాదు.

మనిషి పేరుగా మొల్ల అనగానే తెలుగువాళ్ళకు తోచేది ఒక్కరే. రామాయణాన్ని ఆరు కాండల్లో, సుమారు 870 గద్యపద్యాల్లో చెప్పిన ఆతుకూరి మొల్ల. కాలం 15, 16 శతాబ్దాల నడుమ అంటారు. అవతారికలో తానెవరో ఆమే చెప్పుకుంది: గురువులనూ లింగాన్నీ జంగమాలనూ అర్చించే ఆతుకూరి కేసయ కూతురు, పేరు మొల్ల. గోపవరపు శ్రీకంఠమల్లేశుడి వరం వల్ల కవిత్వం చెప్పడం అబ్బిందనీ చెప్పింది. ఆ గోపవరం నేటి కడప జిల్లాలో బద్వేలు దగ్గరిదని ఎక్కువమంది, నెల్లూరు వైపుదని కొందరు అంటారు. హైదరాబాదు ట్యాంక్‌బండ్ మీద 1986లో నిలబెట్టిన తెలుగు ప్రముఖుల విగ్రహాల వరసలో ఆమెదీ ఉంది. మార్చి 13న మొల్ల జయంతి జరుపుకుంటారు.

శివుడికి ఇష్టమైన పూవు కాబట్టి శైవుడైన తండ్రి కూతురికి ఆ పేరు పెట్టాడని ఒక కథ వాడుకలో ఉంది. వినడానికి ముచ్చటగా ఉన్నా ఇక్కడ చిన్న చిక్కు ఉంది. శ్రీశైల స్థలపురాణంలో చంద్రవతి శివుణ్ణి కొలిచిన పూలు మల్లికలు, మల్లికార్జునుడి పేరు దాని మీదే నడిచింది. కుందం సంగతి వేరు. శివుడికి కుందం, విష్ణువుకు ఉమ్మెత్త పనికిరావని చెప్పే పూజావిధి శ్లోకమే ఒకటి ఉంది. కాబట్టి కథ నిలవాలంటే కేసయ దృష్టిలో మొల్ల, మల్లె ఒకటే అయ్యుండాలి, లేదా ఆయన ఆ శ్లోకాన్ని లెక్కచేయకపోయి ఉండాలి. అసలు ఏ పూజతోనూ సంబంధం లేకుండా, పెరట్లో పూసిన తీగను చూసి పెట్టి ఉండటానికీ ఏ అడ్డూ లేదు. పల్లెల్లో పేర్లు చాలావరకు అలాగే పుడతాయి.

ఆ పేరు ఆమె కవిత్వానికి అతికినట్టు సరిపోయిందన్నది మాత్రం కాదనలేం. తేనె తాకగానే నోరు తీపి అయినట్టు మాట వినగానే అర్థం తోచాలని, కందువ మాటలూ సామెతలూ కూరిస్తేనే తెలుగుకు పొందిక అని ఆమె అవతారికలో రాసుకుంది. సంస్కృతంలో కుంద అని పిలిపించుకోకుండా మొల్ల అని పిలిపించుకున్న మనిషి చెప్పవలసిన మాటే అది.

ఇంత పేరున్న కవయిత్రి ఉండీ ఆ పేరు ఎందుకు వ్యాపించలేదు? పేరు ఆమెకు మరీ అంటుకుపోవడం ఒక కారణం. ‘కుమ్మరి మొల్ల’ అని కులంతో కలిపి పలకడం అలవాటై, మిగతా కులాలవాళ్ళు అది తమ పేరు కాదనుకున్నారు. ఇది పైకి ఎవరూ చెప్పరు గానీ పేర్ల వాడుకలో కులం లెక్క ఎప్పుడూ ఉంది. రెండో కారణం ఇంకా పెద్దది. అచ్చతెలుగు పేర్లు అమ్మమ్మల తరంతోనే ఆగిపోయాయి. పొన్నమ్మ పోయి స్వర్ణ వచ్చింది. పూవు పేరే పెట్టాలనుకున్నా మల్లిక, మాలతి వంటి సంస్కృతపు పేర్లే ఎంచుకున్నారు. మల్లమ్మ ఉంది కదా అనవచ్చు. మల్లమ్మ మల్లెపూవు అవునో కాదో చెప్పలేం, చాలా ఇళ్ళలో అది మల్లన్న దేవుడి పేరుకు ఆడరూపం. మొల్లకు ఆ తికమక లేదు, అది పూవు తప్ప మరొకటి కాదు.

కుందాన్నే పేరుగా పెడదామని ‘కుందన’ దగ్గర ఆగేవాళ్ళు ఒక సంగతి తెలుసుకోవాలి. కుందన అంటే మేలిమి బంగారం, కుందనపు బొమ్మ అన్నప్పటి కుందనం. పూవుతో దానికి చుట్టరికం లేదు. ఒట్టి ‘కుంద’ అంటే తెలుగు చెవికి ‘కుందు’ వినబడుతుంది, కృశించు, దుఃఖించు అని అర్థం. ఈ పూవు పేరు పెట్టాలంటే తెలుగు మాటే మేలు.

శాస్త్రం ఒప్పుకుంటుందా అని ఇంట్లో పెద్దవాళ్ళు అడుగుతారు. సమాధానం సరదాగానే ఉంటుంది. మనుస్మృతి రెండో అధ్యాయం ఆడపిల్ల పేరు సుఖంగా పలికేలా, కరుకు లేకుండా, అర్థం తేటగా, మనసుకు నచ్చేలా, చివర దీర్ఘంతో ఉండాలంటుంది. మూడో అధ్యాయానికి వచ్చేసరికి నక్షత్రాల, చెట్ల, నదుల, కొండల, పక్షుల, పాముల పేర్లున్న పిల్లను పెళ్ళాడవద్దంటుంది. ఈ రెండో మాటను పాటించి ఉంటే తెలుగునాట రోహిణి, తులసమ్మ, గోదావరి, గంగమ్మ, చిలకమ్మ, నాగమ్మలకు పెళ్ళిళ్ళు జరిగేవి కావు. జనం దాన్ని ఎప్పుడూ పట్టించుకోలేదు. పారస్కర గృహ్యసూత్రం ఆడపిల్ల పేరులో బేసి సంఖ్యలో అక్షరాలుండాలి, చివర ‘ఆ’ ఉండాలి అంటుంది. మొల్లలో అక్షరాలు రెండే. పట్టింపు ఉన్నవాళ్ళకు దారి ఇంట్లోనే ఉంది: మొల్లమ్మ అంటే మూడు. ‘మొల్లమాంబ’ గంభీరంగా వినబడినా మళ్ళీ సరిసంఖ్యకే, నాలుగుకే, వస్తుంది.

జన్మనక్షత్రం చూసి అక్షరం ఎంచుకునేవాళ్ళకు ఈ పేరు ఒకచోట బాగా అక్కరకొస్తుంది. పంచాంగంలో మా, మీ, మూ, మే మఖ నాలుగు పాదాలవి. మో, టా, టీ, టూ పుబ్బవి. పుబ్బ మొదటి పాదంలో పుట్టిన పిల్లకు ‘మో’తో పేరు వెతకాలి. మోహన, మోహిని, మోక్ష దాటగానే పట్టిక అయిపోతుంది. పేర్ల అక్షరాల్లో హ్రస్వదీర్ఘాల తేడా పట్టించుకోరు కనుక మొ కూడా చెల్లుతుంది. ఇంకో పొందిక కూడా ఉంది. పున్నమినాటి చంద్రుడు మఖ దగ్గర ఉండే నెల కాబట్టే మాఘానికి ఆ పేరు వచ్చింది. మఖ తర్వాతి నక్షత్రం పుబ్బ. మాఘ పున్నమి మర్నాడు పుట్టిన పిల్లకు చాలా ఏళ్ళలో వచ్చేది పుబ్బే, ఆ రోజుల్లో పెరట్లో పూసి ఉండేదీ మొల్లే.

ఛందస్సు తెలిసినవాళ్ళకు మరో లాభం. ‘ల్ల’ ముందున్న ‘మొ’ గురువు, ‘ల్ల’ లఘువు. గురువు, లఘువు కలిస్తే హగణం, అంటే సూర్యగణం. ఆటవెలదిలో, తేటగీతిలో సూర్యగణం పడే చోట పేరు ఉన్నదున్నట్టు కూర్చుంటుంది. బారసాలనాడు పద్యం రాసే తాతగారికి పేరును సాగదీసే పని, ఒత్తే పని తప్పుతుంది. ప్రాసకు కూడా లోటు లేదు: తల్లి, పిల్ల, ఇల్లు, చల్ల, పల్లె, తెల్లన, అల్లరి. జోలపాటకు కావలసిన సరుకంతా ఆ ల్ల లోనే ఉంది. పిలిచేటప్పుడు మొల్లా అని చివర దీర్ఘం వస్తుంది. ఇంట్లో మాట్లాడుకునేటప్పుడు ‘మొల్లేదీ?’, ‘మొల్లెక్కడుంది?’ అని సంధి కలిసిపోయి పేరు తెలుగు నోట్లో చక్కగా కరుగుతుంది.

చిక్కులు రాతలో వస్తాయి. మ కు ఒత్వం, ల కు ల వత్తు, ఇంతే. మో అని ఓత్వం ఇవ్వకూడదు, ళ్ళ రాయకూడదు. లిప్యంతరీకరణ కీబోర్డుల్లో చిన్న బడి ఓ కొడితే ఒత్వం, పెద్ద బడి ఓ కొడితే ఓత్వం, పెద్ద బడి ఎల్ కొడితే ళ వస్తాయి. వేళ్ళు తొందరపడితే ‘మోల్ల’, ‘మొళ్ళ’ తయారవుతాయి. ఇంగ్లీషులో ఎం, ఓ, రెండు ఎల్‌లు, ఏ. ఆ రెండో ఎల్ ఎట్టి పరిస్థితిలోనూ పోకూడదు. ఒక్క ఎల్ రాస్తే అది ‘మొల’ అవుతుంది, బహువచనం చేస్తే జబ్బు పేరే అవుతుంది. బడిలో పిల్లల నోళ్ళు ఊరుకోవు. వత్తు గట్టిగా పలకడం పిల్లకు మొదటి నుంచీ నేర్పితే సగం వెక్కిరింపు అక్కడే చస్తుంది. ‘ముల్లు’ అని ఏడిపించేవాళ్ళు ఎలాగూ ఉంటారు. దానికి మందు లేదు, గులాబీకీ అదే గతి.

హిందీ రాష్ట్రాల్లో పెరిగే పిల్లలకు మరో ఇబ్బంది. హిందీలో హ్రస్వ ఒ లేదు, కాబట్టి అక్కడ ఏ అధికారిక కాగితం మీదైనా అది ‘మోల్లా’ అవుతుంది. దేవనాగరిలో దక్షిణాది భాషల కోసం హ్రస్వ ఒ గుర్తు ఒకటి ఉన్నా హిందీ చదివేవాళ్ళు దాన్ని గుర్తుపట్టరు. అమెరికాలో ఇంగ్లీషు అక్షరాలు చూసి ‘మాలా’కు దగ్గరగా పలుకుతారు. మరీ ముఖ్యమైన సంగతి ఇంటిపేరుతో వస్తుంది. బెంగాల్‌లో, బంగ్లాదేశ్‌లో ఇవే ఇంగ్లీషు అక్షరాలతో ఒక ఇంటిపేరు బాగా వాడుకలో ఉంది. అది ముల్లా నుంచి వచ్చినది, మన మాటతో దానికి సంబంధం లేదు. తెలుగువాళ్ళు ఇంటిపేరు ముందు, పేరు తర్వాత రాస్తారు. ఫారం నింపే గుమాస్తా చివరి మాటను ఇంటిపేరు అనుకుంటాడు. ‘సుజాత’ అని ఉంటే కనీసం అనుమానపడి అడుగుతాడు. ‘మొల్ల’ అని ఉంటే, అలాంటి ఇంటిపేర్లు చూసి ఉంటాడు గనుక, అడగనే అడగడు. దాంతో పాస్‌పోర్టులో పిల్ల పేరు ఇంటిపేరుగా, ఇంటిపేరు పేరుగా తారుమారవుతాయి. సర్‌నేమ్, గివెన్ నేమ్ గళ్ళు విడిగా ఉన్న ప్రతి కాగితంలోనూ వాటిని అమ్మానాన్నలే నింపి, అచ్చు వేసే ముందు ఒకసారి చదివి చూసుకోవాలి. ఇథియోపియాలోనూ ఇదే స్పెల్లింగుతో మగవాళ్ళ పేరు ఉంది, అమ్హారిక్‌లో దానికి నిండింది అని అర్థం. ఇటాలియన్‌లో అవే అక్షరాలకు అర్థం స్ప్రింగ్. ఏదీ చెడ్డ అర్థం కాదు, ఆ మేరకు అదృష్టమే. ఇంగ్లీషు మోలీకి పునాది మేరీ, దానికీ దీనికీ చుట్టరికం లేదు.

జనన ధ్రువపత్రం దగ్గరే ఇవన్నీ తేల్చుకోవడం సులువు. పుట్టిన 21 రోజుల్లో జననం నమోదు చేయించాలి, అప్పటికి పేరు తేలకపోతే పేరు గడి ఖాళీగా ఉంచి చేయించవచ్చు. ఆ తర్వాత 12 నెలల లోపు రుసుము లేకుండా పేరు చేర్పించుకోవచ్చు. అది దాటితే రుసుము కట్టి 15 ఏళ్ళ దాకా చేర్పించవచ్చు. ఎక్కించడం తేలిక, ఎక్కిన తప్పును దిద్దించడం తేలిక కాదు. తెలుగు గడిలో ఒత్వం, వత్తు, ఇంగ్లీషు గడిలో రెండు ఎల్‌లు సరిగ్గా ఉన్నాయో లేదో కౌంటరు దగ్గరే చూసుకుని కదలాలి.

పేరును ముస్తాబు చేయాలనే తొందర కొందరికి ఉంటుంది. మొల్లిక, మొల్లిత, మొల్లాంజలి వంటివి పుట్టించడం అందుకే. మల్లి నుంచి మల్లిక వచ్చింది కదా అని మొల్ల నుంచి మొల్లిక తీస్తే అది ఏ భాషలోనూ మాట కాదు, అచ్చతెలుగు మాటకు సంస్కృతపు తోక అతికించినట్టు ఉంటుంది. మరీ పొట్టిగా ఉందనిపిస్తే ముందు శ్రీ చేర్చవచ్చు, రెండో పేరుగా మరొకటి పెట్టుకోవచ్చు. అక్కచెల్లెళ్ళకు జత కావాలంటే జాజి, కలువ, వెన్నెల దీని పక్కన చక్కగా నిలుస్తాయి.

పేరుతోపాటు తీగనూ పెట్టాలనుకుంటే నర్సరీలో మొల్ల అని గాక కాగడా అని అడిగి, పైన చెప్పిన నూగు, ఒంటి ఆకు, పోగుల్లాంటి తొడిమ చూసి కొనాలి. తెలిసినవాళ్ళ పెరట్లో తీగ ఉంటే కొనే పనే లేదు. తొలకరి వానలు పడ్డాక మరీ లేతా మరీ ముదురూ కాని కొమ్మను జానెడు పొడవున, మూడు నాలుగు కణుపులుండేలా కోయాలి. కింది ఆకులు తుంచి రెండు కణుపులు మట్టిలోకి పోయేలా గుచ్చి నీడన ఉంచాలి. ఇసుక కలిపిన మట్టి మేలు, నీళ్ళు నిలిస్తే కొమ్మ నల్లబడి కుళ్ళుతుంది. వేరు పట్టాక ఎండ బాగా తగిలే చోటికి మార్చాలి. నీడన పెడితే తీగ ఏపుగా సాగుతుంది, ఆకులు నవనవలాడతాయి, పూలు మాత్రం రావు. పూయలేదని చాలామంది ఎరువు ఇంకా ఎక్కువ వేస్తారు, దాంతో ఆకు మరింత పెరుగుతుంది. కావలసింది ఎండ, ఆ తర్వాత కత్తెర. మొల్ల కొత్త చిగుళ్ళ కొసన గుత్తులుగా పూస్తుంది. కత్తిరింపు పూలకాలం అయిపోగానే చేయాలి. దసరా తర్వాత కోస్తే ఆ చలికాలపు మొగ్గలన్నీ కత్తెరకే పోతాయి.